కట్టె బండి పట్టే దారి

శెనక్కట్టెను బండికి పేర్చడం మగవాళ్ల పని అంటారు. కుందుర్పి చుట్టుపక్కల పల్లెల్లో మాత్రం ఆ మాట మారెమ్మ చెవిన పడేటట్టు ఎవరూ అనరు. శెనక్కాయ చెట్టు పీకి, కాయ విడిపించుకున్నాక మిగిలే ఎండుతీగే కట్టె. పట్టుకుంటే జారుతుంది, గాలికి లేస్తుంది. తూకానికి తక్కువ, చోటుకు ఎక్కువ. దాన్ని ట్రాక్టరు ట్రాలీ మీద రెండు నిలువుల ఎత్తు పేర్చి, మిట్టపల్లాల మీద ఒరగకుండా ఇంటికి చేర్చడం అందరికీ అబ్బే విద్య కాదు.

మారెమ్మ పైన నిలబడుతుంది. కింద నలుగురు పంగలకర్రలతో అందిస్తుంటారు. మొదటి వరుస ట్రాలీ అంచులు దాటించి బయటికి పరుస్తుంది. రెండో వరుస లోపలికి. మూడోది మళ్లీ బయటికి. వరుస వరుసకూ కాళ్లతో తొక్కుకుంటూ పోతుంది. చివర మోకుతాడు బిగించాక ఆ బరువు వంకలో దిగి ఎక్కినా కదలదు. "మారెమ్మ పేర్చిన బండి యాడా బోల్తా పడలేదు" అని ట్రాక్టరు కుళ్లాయప్ప ఊరూరా చెబుతాడు. ఆమెకు యాభై మూడేళ్లు. కోతల కాలంలో ఇప్పటికీ మూడు ఊళ్లవాళ్లు ఆమె కోసం కాచుకుంటారు.

ఊరందరి కట్టె ఇల్లు చేర్చే మారెమ్మ, రెండేళ్లుగా తన కట్టెను మాత్రం నెత్తిన మోసుకుంది.

ఆమె భూమి రెండున్నర ఎకరాలు. ఊరికి ఉత్తరాన గుట్ట కింద ప్రభుత్వం పట్టా ఇచ్చిన నేల. పక్కనే ఆమె మరిది లింగన్నది ఒక చేను, ఆ పక్క ఇంకో బంధువుది. మూడూ ఎస్సీ కాలనీ వాళ్లవే. పట్టాలు ఇచ్చిన రోజు ఫోటోలు తీశారు, చప్పట్లు కొట్టారు. ఆ చేలకు పోవడానికి దారి ఏది అని మాత్రం ఎవరూ అడగలేదు, ఎవరూ గీయలేదు. భూమి ఇచ్చి దారి ఇవ్వకపోవడం, కంచంలో కూడు పెట్టి చేతులు కట్టేయడం లాంటిది. అయినా రోడ్డుకూ ఈ చేలకూ నడుమ ఉన్న పెద్ద చేనులో అప్పట్లో కంచె లేదు కాబట్టి ఆ చేని నడిమధ్య నుంచి బండ్లు తోలుకుంటూ ముప్పై ఏళ్లు గడిపేశారు.

ఏడేళ్ల కిందట ఆ పెద్ద చేనును కళ్యాణదుర్గం శెనక్కాయల వ్యాపారి రామకృష్ణయ్య కొన్నాడు. బోరు వేయించాడు, డ్రిప్పు పైపులు పరిచాడు, పదకొండు ఎకరాల్లో దానిమ్మ పెట్టాడు. చుట్టూ రాతి కూసాలు నాటి ఇనుప తీగ లాగాడు. గేటు పెట్టాడు. మూడేళ్ల కిందట ఆ గేటుకు తాళం పెట్టాడు.

మారెమ్మ భర్త ముత్యాలప్ప ఏడాదిలో ఎనిమిది నెలలు బెంగళూరులో కట్టడాల పనిలో ఉంటాడు. అందుకని సేద్యం ఎట్లా ఆమెదో, కేసూ అట్లా ఆమెదే అయింది. కళ్యాణదుర్గం కోర్టులో దావా వేసింది. దారి చూసి రమ్మని కోర్టు ఒక లాయరును కమిషనరుగా పంపింది. ఆయన ఎండాకాలం మిట్టమధ్యాహ్నం టేపు పట్టుకుని వచ్చాడు. దానిమ్మ వరసల మధ్య ఇంకా చెరిగిపోని చక్రాల గాడిని మారెమ్మ గర్వంగా చూపించింది.

"ఇదో సార్, ఈ గాడే మా దారి. ముప్పై ఏండ్ల నించి ఈడనే పోతాండాము."

ఆయన ఆ గాడికి ఈ చివర నుంచి ఆ చివరకు టేపు పట్టాడు. ఆరడుగులు. అదే రాసుకున్నాడు. కోర్టు అదే తీర్పిచ్చింది: ఆరడుగుల బండిదారి మారెమ్మది. ఆ రోజు కాలనీలో అందరికీ టీ పోయించింది.

రామకృష్ణయ్య అనంతపురం జిల్లా కోర్టులో అప్పీలు వేసి, తీర్పు అమలు కాకుండా స్టే తెచ్చుకున్నాడు. మనుషులు నడిచి పోవచ్చు, బండి పోకూడదు. అందుకే రెండు కోతల కట్టె నెత్తిమీద వచ్చింది. రానిది చేలోనే నాని బూజు పట్టింది. ఐదేళ్లలో మూడేళ్లు వాన ఎగ్గొట్టే నేల ఇది. కాయ రాని ఏడు కూడా కట్టె వస్తుంది. ఆ కట్టెతోనే ఆవులు నిలుస్తాయి, పొట్టేళ్లు నిలుస్తాయి, ఇల్లు నిలుస్తుంది. మారెమ్మ రెండు ఆవుల్లో ఒకదాన్ని ఆ రెండో ఏడు సంతకు తోలేసింది. ఇంకో కోత ఇట్లాగే పోతే రెండోదీ పోతుంది, దాని వెనుక సేద్యమూ పోతుంది.

మూడో కోత అయింది. కట్టెను ఈసారి చేలోనే వామి వేసి పెట్టింది. నవంబరు చివర లాయరు ఎస్తేరు ఫోను చేసింది. ఎస్తేరుది సోమందేపల్లె. ఫీజు కట్టుకోలేని వాళ్ల కోసం ప్రభుత్వం తరఫున వాదించే లాయరు.

"అత్తా, సావుకారి రాజీకి వచ్చినాడు. డిసెంబరు లోక్ అదాలత్‌లో తేల్చుకుందామంటాండాడు. ముందుగా ఒకసారి ఇద్దర్నీ కూర్చోబెడతారంట. శుక్రవారం రా."

రాజీ అన్న మాట వింటే మన ఊళ్లలో లేనివాళ్లకు గుండె జారుతుంది. ఎన్ని రాజీలు చూడలేదు! ఉన్నవాడు ఒక మెట్టు దిగినట్టు కనబడతాడు, లేనివాడు ఉన్న నాలుగు మెట్లూ దిగి కింద నిలబడతాడు. పైగా ఆ లేనివాడే అందరికీ దండం పెట్టి రావాలి. మారెమ్మ మాత్రం శుక్రవారం ఉతికిన చీర కట్టుకుని, సద్ది కట్టుకుని, మరిది లింగన్నను వెంటబెట్టుకుని నిబ్బరంగా అనంతపురం బస్సెక్కింది.

కోర్టు వరండాలో ఎస్తేరు రాజీ కాగితం చదివి వినిపించింది. తీర్పులో చెప్పినట్టే ఆరడుగుల దారి. రామకృష్ణయ్య అప్పీలు వదులుకుంటాడు. తోటకు నష్టం రాకుండా దారికి రెండు పక్కలా కంచె వేసుకుంటాడు.

"ఇంగేమొదినా, గెల్చినదే మళ్లా గెల్చినట్టు. సంతకం పెట్టేసి సాయంత్రం బస్సుకు పోదాం" అన్నాడు లింగన్న.

మారెమ్మ మనసులోనే బండి పేర్చి చూసింది. కళ్లు మూసుకుని, వరండా స్తంభానికి ఆనుకుని, రెండు చేతులూ పక్కలకు చాచింది. తరువాత కళ్లు తెరిచింది.

"పాపా, రెండు పక్కలా కంచె అని రాసినాడు గదా?"

"అవునత్తా."

"అయితే నా కట్టె బండి పోదు."

"ట్రాలీ ఆరడుగుల లోపలే ఉంటాది కదా?"

"ట్రాలీ పోతాది. కట్టె పోదు. ట్రాలీ అంచుకు ఈ పక్క రెండున్నర అడుగులు, ఆ పక్క రెండున్నర అడుగులు బయటికి ఉంటాది కట్టె. అప్పట్లో కంచె లేదు, కట్టె చేను మీదంగా పోతాండె, ఎవరికీ అడ్డం కాలేదు. నేను కమిషనరుకి చక్రం పోయే తావు చూపించినా. బరువు పోయే తావు చూపించలేదు." ఆమె అరచేత్తో నుదురు కొట్టుకుంది. "ఊరందరి బండ్లు పేర్చేదాన్ని. నా దారి కాడ గాడిదలాగా నేలే చూసినా."

తప్పు తెలిసినప్పుడు దాన్ని ఇంకొకరి మీదికి తోయకపోవడం ఆమె గుణం. ఎస్తేరు కాగితం మడిచి పక్కన పెట్టింది.

"విను అత్తా. కింది కోర్టులో మనం గెల్చినామని ఊరికే ఉండిపోయినాం, ఎక్కువ కావాలని మనం అప్పీలు వేయలేదు. కాబట్టి ఈ అప్పీల్లో మనం పూర్తిగా గెల్చినా ఆరడుగులే. రాజీలో అయితే మీరిద్దరూ ఎంతకు ఒప్పుకుంటే అంత రాసుకోవచ్చు. కానీ ఒకటి, లోక్ అదాలత్‌లో రాసుకుంటే దాని మీద మళ్లా అప్పీలు లేదు. తప్పు రాసుకున్నా అదే కడ."

"అయితే ఈ తూరి తప్పు రాసుకోము" అంది మారెమ్మ.

లోపల బల్లకు అటు జడ్జిగారు, ఇంకో లాయరు కూర్చున్నారు. ఇటు రామకృష్ణయ్య, ఆయన లాయరు. రామకృష్ణయ్యకు అరవై దాటాయి, నుదుట విభూతి, చేతిలో గుడ్డసంచి. మారెమ్మ ఆరడుగులు చాలవనగానే ఆయన కుర్చీలో ముందుకు జరిగాడు.

"చూసినారా సార్? గెల్చినదానికన్నా ఎక్కువ అడుగుతాండాది! ఆ మూడు చేలల్లో పండేది ఎంత? మూటలు మోటారు సైకిలు మీద ఏసుకోని పోయినా సరిపోతాది."

"మూట నీది సావుకారీ, కట్టె మాది" అంది మారెమ్మ. "నీ అంగడికి మూట వస్తాది. మా ఇంటికి కట్టె వస్తాది. నువ్వెప్పుడన్నా కట్టె బండి చూసినావా?"

"ముప్పై ఏండ్లుగా శెనక్కాయ యాపారం చేస్తాండా, నాకే చెప్తావా?"

"కాయ యాపారం చేసినావు. కట్టె ఎప్పుడన్నా కొనింటివా?"

జడ్జిగారు నవ్వు ఆపుకున్నారు. రామకృష్ణయ్య లాయరు గొంతు సవరించుకుని, "పెద్దమనిషితో కాస్త మర్యాదగా మాట్లాడమనండి" అన్నాడు.

"మర్యాదగానే మాట్లాడతాండా సార్. ఈయప్ప తాళం ఏసినప్పుడు కూడా మర్యాదగానే అడిగినా, తీయలేదు. ఇంగ కోర్టులో అడుగుతాండా." ఆమె రామకృష్ణయ్య వైపు తిరిగింది. "సావుకారీ, మాటలెందుకు? చేనుకాడికి రా. బండికి కట్టె ఏసి చూపిస్తా. ఆరడుగుల్లో పోయిందంటే ఈ కాగితానికి అట్లనే సంతకం పెడతా."

పందెం అనేసరికి రామకృష్ణయ్యలో వ్యాపారి లేచి కూర్చున్నాడు. "సరే, రేపే వస్తా" అన్నాడు. లోక్ అదాలత్ నాటికి కొలతలతో రమ్మని జడ్జిగారు ఇద్దరికీ చెప్పారు.

మరునాడు పొద్దున గేటు తెరుచుకుంది. ఆ ఒక్క రోజుకు ట్రాక్టరును రామకృష్ణయ్యే పోనిచ్చాడు. కుళ్లాయప్ప ట్రాక్టరును చేలోకి దించాడు. మారెమ్మ వామి మీద నుంచి కట్టె తీయించింది. పాత గాడికి రెండు పక్కలా, ఆరడుగుల ఎడంతో, వెదురు కర్రలు నాటి పురికొస కట్టించింది. కంచె ఉంటే ఇట్లా ఉంటుందని. ఎస్తేరు చెప్పులు విడిచి చేతిలో పట్టుకుని గట్టు మీద నిలబడింది. రామకృష్ణయ్య గొడుగు కింద నిలబడ్డాడు.

గంటన్నరకు బరువు లేచింది. మారెమ్మ పైన కూర్చుని, "పోనీ కుళ్లాయప్పన్నా!" అని కేక వేసింది.

మొదటి కర్ర వంగింది. రెండో కర్ర విరిగింది. పురికొస కట్టెలో ఇరుక్కుని, ముందున్న కర్రలన్నిటినీ ఒకదాని వెనుక ఒకటి పెరికేసింది. ఎడమ పక్క వరుస ఊడి దానిమ్మ చెట్టు మీద పడింది. ఇరవై గజాలు కూడా పోకముందే కుళ్లాయప్ప బండి ఆపాడు.

"కర్రలు కాబట్టి ఇరిగినాయి. రాతి కూసాలైతే బండే ఇరిగుండేది" అన్నాడు కుళ్లాయప్ప.

"కావాలనే ఎక్కువ ఏసినావు నువ్వు!" అని రామకృష్ణయ్య కింది నుంచి అరిచాడు. "సగమే ఏసుకోరాదా?"

మారెమ్మ పైనుంచి వంగి చూసింది. "నీ లారీకి సగం మూటలే ఏసి పంపించు సావుకారీ, కళ్యాణదుర్గమంతా ఏమనుకుంటాదో చూద్దాం. దివాలా తీసినాడు పాపం అనరా?"

రామకృష్ణయ్య నవ్వలేదు గాని, గొడుగు మడిచాడు. టేపు తెమ్మని తనే పట్టుకున్నాడు. బరువు ఈ చివర నుంచి ఆ చివరకు పదకొండు అడుగులు. నమ్మలేక వెనక నుంచి ఇంకోసారి కొలిచాడు. పదకొండే. తన దుకాణంలో తూకం తప్పయితే ఒప్పుకునే మనిషి కాబట్టే ఇన్నేళ్లు వ్యాపారం నిలిచింది. కొలత ముందు ఆయన బుకాయించలేదు.

"నిజమే మే. కాయ తప్ప కట్టె చూడలేదు నేను. కానీ అంత వెడల్పు దారి నడిమధ్యన ఇస్తే నా డ్రిప్పు పైపులన్నీ రెండు ముక్కలైతాయి. ఒక వరస చెట్లు కొట్టేయల్ల. నాలుగేండ్లు పెంచిన చెట్లు మారెమ్మా."

ఈ మాటలో మోసం లేదు. మారెమ్మ బరువు మీద నుంచి తాడు పట్టుకుని దిగింది. కాపుకొచ్చిన చెట్టును కొట్టేయమనడం ఆమెకూ మనసొప్పలేదు. తోట తూర్పు అంచున చివరిదాకా నడిచి పోయింది, నడిచి వచ్చింది. ఆ అంచున చెట్లకూ కంచెకూ నడుమ ఖాళీ నేల, కంచె దాటితే వంక పోరంబోకు.

"నీకు నడిమధ్య దారి నొప్పి. నాకు ఇరుకు దారి నొప్పి. తూర్పు అంచున ఇయ్యి. నీ కంచె చెట్ల పక్కకు జరుపుకో, ఒక పక్కనే ఉంటాది, వంక పక్క తెరుపు. చుట్టు తిరిగిపోతాం."

లింగన్న అడ్డం వచ్చాడు. "వదినా, మతి ఉండాదా? కోర్టులో గెల్చిన దారి ఇడ్సిపెడతావా? రేపు కాలనీలో ఏం చెప్తావు, సావుకారి చెట్ల మీద జాలిపడి మన దారి ఇచ్చేసినా అంటావా?"

"లింగా, దారిని ఇంట్లో దేవుని పటంలాగా పెట్టుకుంటామా? దారి గుండా పోయేదే నాకు కావల్ల. ఆ గెల్చిన దారిలో మన కట్టె పోలేదు, నువ్వే చూసినావు. పోని దారిని గెల్చి ఏం చేస్తాము?"

లింగన్న విరిగిన వెదురు కర్రల వైపు చూసి తలగోక్కున్నాడు.

"కానీ ఆడ వంక అడ్డం ఉండాది. వానొస్తే బండి దిగబడతాది" అన్నాడు.

"అది సావుకారి చూసుకుంటాడు. రెండు సిమెంటు పైపులు ఏసి పైన మట్టి తోలిస్తాడు."

"నేనా? నేనేల ఏయల్ల?" అన్నాడు రామకృష్ణయ్య.

"నడిమధ్య దారి నేను గెల్చినా. ఆ గెలుపు నీ చేతిలో పెడతాండా. నీ చెట్లు మిగిల్తాయి, నీ పైపులు మిగిల్తాయి. మరి వంకకు రెండు పైపులు నాకియ్యలేవా?"

బేరం అరగంట సాగింది. పన్నెండు అన్నాడు ఆయన. పద్నాలుగు అంది ఆమె. పదమూడు దగ్గర ఆగారు. గేటుకు తాళం ఉండకూడదు. పైపులు లోక్ అదాలత్ అయిన నెలలోగా పడాలి. ఎస్తేరు అన్నీ గట్టు మీదే రాసుకుంది.

ఇంకొక చిక్కు లోక్ అదాలత్ నాటి పొద్దున బయటపడింది. రామకృష్ణయ్య లాయరు టైపు చేయించి తెచ్చిన కాగితంలో "రాకపోకలకు అనుమతిస్తున్నాను" అని ఉంది. మారెమ్మ నాలుగో తరగతి దాకానే చదివింది. అయినా ఎస్తేరు చదువుతుంటే ఆ మాట దగ్గర చెయ్యి అడ్డం పెట్టింది.

"అనుమతి అంటే ఏంది పాపా? ఈపొద్దు ఇచ్చి రేపు వద్దనేదే గదా?"

"అదేనత్తా."

"మాకు అనుమతి వద్దు."

అనుమతి మీద మన జనం ఎన్ని తరాలు బతికారు! బావి దగ్గర అనుమతి, వీధిలో అనుమతి, చెప్పులు వేసుకోవడానికి అనుమతి. ఇచ్చినవాడి మంచితనం ఉన్నంత వరకే ఉండేదాన్ని హక్కు అనరు. ఎస్తేరు ఎర్రకలంతో ఆ వాక్యం కొట్టేసి, మూడు చేలవాళ్లకూ, వాళ్ల వారసులకూ, రేపు ఆ భూములు ఎవరి చేతిలో ఉంటే వాళ్లకూ ఈ దారి హక్కుగా ఉంటుందని, తోట చేతులు మారినా ఇది మారదని రాసింది. అవతలి లాయరు ముఖం ముడిచాడు. రామకృష్ణయ్య మాత్రం, "రాయనీప్పా. నా కొడుకు హేమంతు రేపు అమ్ముకున్నా అమ్ముకుంటాడు. ఈ కొట్లాట ఇంకోనికి అంటగట్టేది ఎందుకు?" అన్నాడు.

జడ్జిగారు కాగితం మొత్తం పైకి చదివారు. జతపరిచిన గీత పటంలో తూర్పు అంచు, పదమూడడుగులు, వంక, పైపులు అన్నీ చూశారు.

"మారెమ్మా, ఇది నీ ఇష్టంతోనే ఒప్పుకుంటున్నావా? ఎవరైనా బెదిరించారా?"

"నన్ను బెదిరించేది ఎవరు సార్? పదకొండడుగుల బరువు ఎక్కి కూర్చునేదాన్ని."

"దీని మీద అప్పీలు ఉండదు. తెలుసు కదా?"

"తెలుసు. అందుకే బండి తోలించి చూసినాంక వచ్చినా."

ఆమె సంతకం పెట్టింది. అక్షరాలు ఒకదానికొకటి ఒరగకుండా, నిలువుగా, నెమ్మదిగా పెట్టింది. తరువాత రామకృష్ణయ్య పెట్టాడు. కట్టిన కోర్టు ఫీజు తిరిగి వస్తుందని లాయరు చెబితే ఆయన ముఖం ఇంకొంచెం విప్పారింది.

సంక్రాంతి దాటిన వారానికి పైపులు పడ్డాయి, మట్టి పడింది. ఆ రోజు మొదట లింగన్న కట్టె తోలారు. మారెమ్మే పేర్చింది, మారెమ్మే పైన కూర్చుంది. బండి వంక మీద పైపులు దాటి తూర్పు అంచు పట్టుకుంది. కట్టె కంచెకు తగలలేదు. సగం దూరం వచ్చేసరికి ఎదురుగా దానిమ్మకాయలకు వచ్చే ఖాళీ వ్యాను నిలబడి ఉంది. డ్రైవరు హారను మీద హారను కొట్టాడు.

"పక్కకు తీయండమ్మా! తోటలోకి పోవల్ల!"

"యాడికి తీయల్లప్పా? ఖాళీ బండి ఎనక్కి పోవల్ల, బరువు బండి కాదు" అంది మారెమ్మ పైనుంచి.

"ఇది మా సావుకారి తోట!"

"తోట ఆయప్పదే. దారి మాది కూడా."

డ్రైవరు పక్క సీట్లో నుంచి రామకృష్ణయ్య తల బయటపెట్టాడు. బరువు వైపు చూశాడు, కంచె వైపు చూశాడు, మధ్యలో మిగిలిన అడుగున్నర చోటు చూశాడు.

"ఎనక్కి తీయప్పా. నిండు బండి అది" అన్నాడు.

వ్యాను వెనక్కి వెనక్కి గేటుదాకా పోయింది. మారెమ్మ మోకు పట్టుకుని కూర్చుంది.

"పోనీ కుళ్లాయప్పన్నా. ఇంగా రెండు చేల కట్టె ఉండాది."